మాటలు పోయి రాగం మిగిలిన జాతీయగీతం

1989 చలికాలం. తూర్పు జర్మనీలోని లైప్‌జిగ్ నగరంలో ప్రతి సోమవారం సాయంత్రం జనం రోడ్ల మీదికి వస్తున్నారు. అక్టోబర్‌లో వాళ్ల నినాదం "ప్రజలంటే మేమే". నవంబర్ 9న బెర్లిన్ గోడ తెరుచుకుంది. ఆ తర్వాత కొన్ని వారాలకే గుంపుల్లోంచి మరో కేక లేచింది: "డాయిచ్‌లాండ్, ఐనిష్ ఫాటర్‌లాండ్!" అంటే, జర్మనీ, ఒక్కటైన మాతృభూమి. జర్మన్లకు నేల తండ్రి కాబట్టి నిజానికి పితృభూమి అనాలి. మనకు నేల తల్లే, అందుకే ఇలా అంటున్నాను.

ఇది పశ్చిమ జర్మనీ నుంచి దిగుమతైన నినాదం అనుకుంటే పొరపాటే. తూర్పు జర్మనీ సొంత జాతీయగీతంలో నాలుగో పాదం అది. రాజ్యం అధికారికంగా రాయించుకున్న వాక్యం. కాకపోతే సుమారు ఇరవై ఏళ్లుగా ఆ వాక్యాన్ని ఏ ప్రభుత్వ సభలోనూ పాడటం లేదు. జాతీయగీతం వాయించేవాళ్లు, అందరూ లేచి నిలబడేవాళ్లు, కానీ ఎవరూ నోరు విప్పేవాళ్లు కాదు. ఆ గీతాన్ని రద్దు చేయలేదు, మార్చలేదు, నిషేధిస్తూ చట్టమూ తేలేదు. మాటలు మాత్రం మాయమయ్యాయి.

సొంత పాటనే చూసి ఒక రాజ్యం ఎందుకు భయపడింది? దానికి 1949 నుంచి మొదలుపెట్టాలి.

రెండో ప్రపంచ యుద్ధంలో ఓడిన జర్మనీ నాలుగు ముక్కలై విజేతల చేతుల్లో ఉంది. 1949 మే నెలలో అమెరికా, బ్రిటన్, ఫ్రాన్స్ భాగాలు కలిసి పశ్చిమ జర్మనీ అయ్యాయి. అదే ఏడాది అక్టోబర్ 7న సోవియట్ భాగం జర్మన్ డెమోక్రటిక్ రిపబ్లిక్‌గా అవతరించింది. మనవాళ్లు వాడుకగా తూర్పు జర్మనీ అనేది దాన్నే. కొత్త రాజ్యానికి జెండా కావాలి, పాట కావాలి. అధ్యక్షుడు విల్‌హెల్మ్ పీక్ కొద్ది రోజుల్లోనే కవి యోహానెస్ బెషర్‌కు ఉత్తరం రాశాడు. పాటలో ఏమేం ఉండాలో కూడా అందులో సూచించాడు. ఆ సూచనల్లో శ్రమ, సంస్కృతి, ఇతర జాతులతో స్నేహం, శాంతి ఉన్నాయి. వాటితోపాటు జర్మనీ ఐక్యత ఉంది. తర్వాత గొంతులో ముల్లయింది ఇదే.

బెషర్ మ్యూనిక్‌లో పుట్టినవాడు, అంటే పశ్చిమం వైపు మనిషి. కమ్యూనిస్టు. హిట్లర్ వచ్చాక పారిపోయి మాస్కోలో తలదాచుకున్నాడు. యుద్ధం ముగియగానే తిరిగొచ్చాడు, 1954లో తూర్పు జర్మనీకి తొలి సాంస్కృతిక మంత్రి అయ్యాడు. బాణీ కట్టిన హాన్స్ ఐస్లర్ కథ ఇంకా మలుపులున్నది. లైప్‌జిగ్‌లో పుట్టి వియన్నాలో పెరిగి, షోన్‌బెర్గ్ దగ్గర సంగీతం నేర్చుకున్నాడు. నాజీల నుంచి తప్పించుకుని అమెరికా చేరాడు, హాలీవుడ్‌లో సినిమాలకు సంగీతం ఇచ్చాడు, రెండుసార్లు ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది. 1947లో కమ్యూనిస్టుల వేట మొదలైనప్పుడు అమెరికా కాంగ్రెస్ కమిటీ ముందు నిలబడాల్సి వచ్చింది, మరుసటి ఏడాది దేశం విడిచాడు. తూర్పు జర్మనీ జాతీయగీతానికి బాణీ ఇచ్చిన ఈయన జర్మన్ పౌరుడే కాదు, చివరిదాకా ఆస్ట్రియా పౌరుడే. పశ్చిమ జర్మనీ పాడుకున్న బాణీ కూడా ఆస్ట్రియా సంగీతకారుడు హైడన్‌దే. రెండు జర్మనీలకూ గొంతునిచ్చింది పక్క దేశమే అన్నమాట.

ఆ శరదృతువులో కవి, సంగీతకారుడు ఇద్దరూ పోలండ్‌లో కలుసుకున్నారు. బెషర్ అప్పటికే పాట రాసి ఇచ్చాడు. షోపాన్ పుట్టిన ఇంట్లోని పియానో మీద ఐస్లర్ ఈ బాణీని మొదటిసారి వినిపించాడని చెబుతారు. ఓట్మార్ గెర్స్టర్ అనే మరో సంగీతకారుడు కూడా ఇదే సాహిత్యానికి బాణీ కట్టాడు. రెండూ వినిపిస్తే ఐస్లర్‌ది నెగ్గింది. నవంబర్ మొదటి వారానికి పాట సిద్ధమై, బెర్లిన్ ఒపెరా హౌస్‌లో రష్యా అక్టోబర్ విప్లవ వార్షికోత్సవ సభలో వినిపించింది. రాజ్యం పుట్టిన నెలకే జాతీయగీతం! ప్రభుత్వాలు ఇంత వేగంగా పనిచేయడం అరుదు.

ఇప్పుడు పాటలో ఏముందో చూద్దాం. మొదటి రెండు పాదాల భావం: శిథిలాల్లోంచి పైకి లేచి, రేపటి వైపు తిరిగి నిలబడ్డాం. బెర్లిన్, డ్రెస్డెన్ నగరాలు ఇంకా ఇటుకల కుప్పలుగా ఉన్న రోజులవి. శిథిలాలు అన్న మాట అక్కడ కవి అలంకారం కాదు, కిటికీ తీస్తే కనిపించేదే. రెండో చరణంలో ఒక కోరిక ఉంది: ఇక మీదట ఏ తల్లీ కొడుకు కోసం ఏడవకూడదు. లక్షల ఇళ్లలో కొడుకులు తిరిగిరాని సంవత్సరాల్లో ఆ పాదం ఎలా తగిలిందో ఊహించుకోవచ్చు. మూడో చరణంలో దున్నండి, కట్టండి, నేర్చుకోండి అని పిలుపు.

పాటంతా వెతికినా "సోషలిజం" అన్న మాట దొరకదు. పార్టీ లేదు, లెనిన్ లేడు, స్టాలిన్ లేడు, ఎర్రజెండా లేదు. కానీ మూడు చరణాల్లోనూ "జర్మనీ" ఉంది. ఒక సోషలిస్టు రాజ్యం తన జాతీయగీతంలో సోషలిజాన్ని వదిలేసి దేశం పేరును ఇన్నిసార్లు ఎందుకు తలుచుకుంది?

ఎందుకంటే అప్పటి విధానమే అది. 1949 నాటి తూర్పు జర్మనీ రాజ్యాంగం మొదటి అధికరణం "జర్మనీ విభజించరాని ప్రజాస్వామ్య రిపబ్లిక్" అని మొదలవుతుంది. తూర్పు జర్మనీ అనదు, జర్మనీ అంటుంది. తాము పాలిస్తున్నది ఒక ముక్కనే అయినా మొత్తం దేశానికి అసలు ప్రతినిధులం తామేనని, దేశాన్ని చీల్చిన పాపం పశ్చిమం వాళ్లదని తూర్పు నాయకుల వాదన. 1952 మార్చిలో స్టాలిన్ స్వయంగా, ఏ సైనిక కూటమిలోనూ చేరని ఒకే జర్మనీ అంటూ పశ్చిమ దేశాలకు ప్రతిపాదన పంపాడు. అందులో ఎంత నిజాయితీ ఉందన్నది చరిత్రకారులు ఇప్పటికీ తేల్చని తగువు. అది పక్కన పెడితే, బెషర్ పాట ప్రభుత్వ విధానానికి అద్దం పట్టినట్టు ఉంది. తిరుగుబాటు ధోరణి అందులో వీసమెత్తు కూడా లేదు.

అవతలి వైపు సంగతీ చూడాలి. పశ్చిమ జర్మనీకి 1949లో జాతీయగీతమే లేదు. పాత పాట ఉంది, 1841లో హోఫ్‌మన్ ఫోన్ ఫాలర్‌స్లేబెన్ రాసింది. నాజీలు దాని మొదటి చరణాన్ని తమ పార్టీ పాటతో జతచేసి పాడించడంతో అది మైలపడిపోయింది. అధ్యక్షుడు హాయిస్ కొత్త పాట రాయించి ప్రయత్నించాడు, జనానికి పట్టలేదు. ఛాన్సలర్ అడెనావర్ 1950 ఏప్రిల్‌లో పశ్చిమ బెర్లిన్ సభలో ఉన్నట్టుండి పాత పాట మూడో చరణం అందుకున్నాడు. కొందరు లేచి పాడారు, కొందరు బయటికి నడిచారు. చివరికి 1952లో ఇద్దరి మధ్య ఉత్తరాలు నడిచి పాత పాటే ఖాయమైంది, ప్రభుత్వ సభల్లో మూడో చరణమే పాడాలన్న నియమంతో. ఆ చరణం మొదటి మాట "ఐనిష్‌కైట్", అంటే ఐక్యత. బెషర్ పాటలోని "ఐనిష్" కూడా ఆ ధాతువే. రెండు రాజ్యాలు, రెండు పాటలు, కోరిక ఒకటే. ఎవరి షరతుల మీద ఒక్కటి కావాలన్నదే తేడా.

ఇంకో విచిత్రం ఉంది. బెషర్ సాహిత్యం హైడన్ బాణీలో దాదాపు ఇమిడిపోతుంది. ఒక ఆటవెలది పద్యాన్ని మరో ఆటవెలది వరసలో పాడుకోగలం కదా, అలాగే. రెండు పాటల్లోనూ పాదాలు ఎనిమిది అక్షరాలు, ఏడు అక్షరాలు మార్చి మార్చి నడుస్తాయి. బెషర్ చరణంలో మొదటి ఎనిమిది పాదాలు హైడన్ వరసలో చక్కగా కూర్చుంటాయి, చివర్లో మిగిలే పొట్టి పాదాన్ని కాస్త సర్దుకోవాలి. తూర్పు జర్మనీ మాటల్ని పశ్చిమ జర్మనీ రాగంలో పాడొచ్చు. ఈ సంగతి గుర్తుంచుకోండి, 1990లో మళ్లీ పనికొస్తుంది. ఇదే కొలతకు సరిపడేలా 1950లో కవి, నాటక రచయిత బ్రెక్ట్ కూడా పిల్లల కోసం ఒక పాట రాశాడు, దానికీ ఐస్లరే బాణీ కట్టాడు. వినయంగా, గొప్పలు లేకుండా ఉండే ఆ పాటే అసలు జాతీయగీతం కావాల్సిందని అనేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. నా ఓటు కూడా దానికే.

కాపీ గొడవ కూడా నడిచింది. 1939 నాటి ఒక జర్మన్ సినిమాలో పీటర్ క్రాయిడర్ కట్టిన "గుడ్‌బై జానీ" పాట ఎత్తుగడ, ఈ జాతీయగీతం ఎత్తుగడ దాదాపు ఒకేలా ఉంటాయి. ఐస్లర్ కాపీ కొట్టాడని పశ్చిమం వాళ్లు ఎగతాళి చేశారు. బేటోఫెన్ చిన్న పియానో రచనల్లో ఒకదానికీ అదే పోలిక ఉందని మరికొందరు చూపించారు. నాలుగైదు స్వరాలు కలవడానికి దొంగతనమే జరగనక్కర్లేదు. సినిమా పాటలు వినే మనకు ఈ తగువు కొత్తేమీ కాదు.

1950లలో స్కూళ్లలో, సభల్లో పాటను మాటలతోనే పాడారు. పశ్చిమం మాత్రం ఆ రాజ్యాన్నే గుర్తించలేదు. తూర్పు జర్మనీ జెండాకు అక్కడ "చీలిక జెండా" అని పేరు పెట్టారు, ఎగరేస్తే పోలీసులు వచ్చి దించేవాళ్లు. ఒలింపిక్స్‌లో 1956 నుంచి 1964 దాకా రెండు జర్మనీలూ ఒకే జట్టుగా వెళ్లాల్సి వచ్చింది. గెలిస్తే ఏ పాట వాయించాలి? ఎవరి పాటా కాకుండా బేటోఫెన్ తొమ్మిదో సింఫనీలోని ఆనందగీతం వాయించారు. 1968 మెక్సికోలో జట్లు విడిపోయినా పాట మాత్రం ఇంకా బేటోఫెన్‌దే.

ఈ మధ్యలో 1961 ఆగస్టు 13న గోడ లేచింది. అప్పటికి పాతిక లక్షలకు పైగా జనం తూర్పు నుంచి పశ్చిమానికి తరలిపోయారు. ఐక్యత గురించి పాడుతూ గోడ కట్టడం ఎబ్బెట్టే. అయినా పాటను ఆపింది గోడ కాదు. గోడ కట్టాక కూడా కొన్నేళ్లు ఆ మాటలు పాడారు. ఆపడానికి అసలు కారణం పశ్చిమం నుంచి వచ్చిన స్నేహహస్తం.

1969లో పశ్చిమ జర్మనీ ఛాన్సలర్ అయిన విల్లీ బ్రాంట్ పాత మొండితనం వదిలేశాడు. జర్మనీలో రెండు రాజ్యాలు ఉన్నాయని ఒప్పుకున్నాడు, కానీ అవి ఒకదానికొకటి పరాయి దేశాలు కావన్నాడు. రాజ్యాలు రెండైనా జాతి ఒక్కటే. తూర్పు నాయకులకు తిట్లను ఎదుర్కోవడం తెలుసు, కౌగిలిని ఎదుర్కోవడం తెలియలేదు. జాతి ఒక్కటే అయితే, ధనిక పశ్చిమం పక్కనుండగా తమ రాజ్యం ఎందుకు ఉండాలి? 1971లో తూర్పు జర్మనీ పగ్గాలు చేపట్టిన ఎరిక్ హోనెకర్ దగ్గర దీనికి ఒకటే జవాబు ఉంది. జాతి కూడా వేరే. మాది సోషలిస్టు జాతి, వాళ్లది పెట్టుబడిదారీ జాతి.

ఇక చిక్కంతా పాటతో వచ్చింది. విధానం అటు తిరిగితే పాట ఇటే ఉండిపోయింది. 1949లో పార్టీ లైన్ అయిన వాక్యం 1971 నాటికి శత్రువు లైన్ అయింది. బెషర్ పాదం పాడితే బ్రాంట్ మాట చెప్పినట్టే.

1968 రాజ్యాంగం తూర్పు జర్మనీని "జర్మన్ జాతికి చెందిన సోషలిస్టు రాజ్యం" అంది. 1974 సవరణలో జర్మన్ జాతి ఎగిరిపోయి "కార్మికుల, కర్షకుల సోషలిస్టు రాజ్యం" మిగిలింది. పేర్ల మీద కూడా కత్తెర పడింది. జర్మన్ టెలివిజన్ కాస్తా డీడీఆర్ టెలివిజన్ అయింది (జర్మన్ డెమోక్రటిక్ రిపబ్లిక్‌కు జర్మన్ భాషలో పొడి అక్షరాలే డీడీఆర్). జర్మన్ సైన్సెస్ అకాడమీ డీడీఆర్ సైన్సెస్ అకాడమీ అయింది. విదేశాలకు వెళ్లే కార్ల వెనక అతికించే "డి" అక్షరం, అంటే డాయిచ్‌లాండ్ గుర్తు, తీసేసి "డీడీఆర్" అంటించమన్నారు. అయినా కత్తెర అన్నిచోట్లా ఆడలేదు. పార్టీ పేరులోనే జర్మనీ ఉంది, పార్టీ పత్రిక పేరు "కొత్త జర్మనీ", రెండూ అలాగే ఉండిపోయాయి. రైల్వేనైతే అసలు ముట్టుకోలేదు. దాని పేరు "జర్మన్ సామ్రాజ్య రైల్వే". పశ్చిమ బెర్లిన్‌లో రైళ్లు నడిపే హక్కు ఆ పేరు మీదే ఉంది, పేరు మారిస్తే హక్కు జారిపోతుందేమోనని టెన్షన్. అలా కార్మిక కర్షక రాజ్యంలో సామ్రాజ్య రైలు చివరి రోజు దాకా నడిచింది.

పాటకు మాత్రం కత్తెర వేసే వీల్లేదు. ఒక్క పాదం తీసేస్తే సరిపోదు, దేశం పేరు ప్రతి చరణంలోనూ అల్లుకుపోయి ఉంది. మన జనగణమనలో సింధు ఉంది కదా, ఆ ప్రాంతం ఇప్పుడు మన దేశంలో లేదు కాబట్టి తీసేయాలని కేసు వేస్తే 2005లో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఒక్క మాట దగ్గరే అంత తర్జనభర్జన. ఇక్కడేమో పాటంతా ఆ మాట చుట్టూనే తిరుగుతుంది.

పోనీ కొత్త పాట రాయించుకోవచ్చుగా? రాయిస్తే పాతది ఎందుకు వద్దో చెప్పాలి. బెషర్ సామాన్యుడు కాదు, లైప్‌జిగ్‌లో రచయితలకు శిక్షణనిచ్చే సంస్థకు ఆయన పేరే పెట్టారు. అందుకే సులువైన దారి పట్టారు: బ్యాండ్ వాయిస్తుంది, ఎవరూ పాడరు. దీనికి మాస్కోలో ఉదాహరణ ఉంది. స్టాలిన్‌ను పొగిడే మాటలున్న సోవియట్ గీతాన్ని 1950ల మధ్య నుంచి 1977 దాకా వాయించడమే తప్ప పాడలేదు. తేడా ఏమిటంటే, అక్కడ 1977లో పాత కవి మిఖాల్కోవ్ చేతే మాటలు మార్పించి మళ్లీ పాడించారు. 2000లో పుతిన్ అదే బాణీని తిరిగి తెచ్చినప్పుడు రష్యా కోసం ముచ్చటగా మూడోసారి మాటలు రాసింది కూడా ఆ మిఖాల్కోవే. బెషర్‌ను అలా పిలిచి దిద్దించుకుందామంటే ఆయన 1958లోనే పోయాడు.

ప్రపంచం ఆ బాణీని బాగా వినడం మొదలైంది కూడా ఈ రోజుల్లోనే. 1972 మ్యూనిక్ ఒలింపిక్స్‌లో తూర్పు జర్మనీ మొదటిసారి సొంత జెండా, సొంత పాటతో వేసవి క్రీడల్లో దిగింది. 20 బంగారు పతకాలు గెలిచింది, ఆతిథ్యమిచ్చిన పశ్చిమ జర్మనీకి వచ్చినవి 13. ఒకప్పుడు పోలీసులు జెండా దించిన దేశంలోనే, బెషర్ పుట్టిన ఊళ్లోనే, ఆయన పాట బాణీ మళ్లీ మళ్లీ మోగింది. తర్వాత 1976లో మాంట్రియల్‌లో 40, 1980లో మాస్కోలో 47 బంగారు పతకాలు. వాటిలో చాలావాటి వెనక ప్రభుత్వమే నడిపిన డోపింగ్ పథకం ఉందని తర్వాత బయటపడింది. పోడియం మీద నిలబడ్డ అమ్మాయి మెడలో పతకం, వెనక పైకి వెళ్తున్న జెండా, స్పీకర్లలో ఐస్లర్ బాణీ. ఆమె పెదవులు కదలవు. టీవీలో చూసినవాళ్లు అది క్రమశిక్షణ అనుకుని ఉంటారు.

1974 జూన్ 22న హాంబర్గ్‌లో ఫుట్‌బాల్ ప్రపంచకప్ మ్యాచ్‌లో రెండు జర్మనీలు తలపడ్డాయి. రెండు పాటలూ మోగాయి, ఐక్యతను కోరే రెండు పాటలు. 77వ నిమిషంలో స్పార్‌వాసర్ గోల్‌తో తూర్పు జర్మనీ 1-0తో గెలిచింది.

మళ్లీ 1989కి వద్దాం. లైప్‌జిగ్ వీధుల్లో ఆ పాదం నినాదమైనప్పుడు ప్రభుత్వానికి ఏమనాలో తోచలేదు. దేశద్రోహం అందామంటే అది జాతీయగీతం. సరే అందామంటే రాజ్యమే ఉండదు. 1990 ఫిబ్రవరి 1న ప్రధాని హాన్స్ మోద్రో, ఆయన కమ్యూనిస్టే, ఏకీకరణ ప్రణాళిక ప్రకటించాడు. దానికి పెట్టిన పేరు "జర్మనీ కోసం, ఒక్కటైన మాతృభూమి కోసం". నోరు మూయించిన పాదమే ప్రభుత్వ పత్రానికి శీర్షిక అయి తిరిగొచ్చింది.

మార్చి ఎన్నికల తర్వాత లోతార్ ద మెజియేర్ ప్రధాని అయ్యాడు, తూర్పు జర్మనీలో స్వేచ్ఛగా జరిగిన ఎన్నికల్లో గెలిచిన మొదటి, చివరి ప్రధాని. లాయరు కాకముందు ఆయన వృత్తి వయోలా అనే వయొలిన్ లాంటి వాద్యం వాయించడం. ఏకీకరణ చర్చల్లో ఆయన ఒక సంగీతకారుడికే తట్టే ఆలోచన బల్ల మీద పెట్టాడు: రాగం హైడన్‌ది ఉంచుదాం, మాటలు బెషర్‌వి కలుపుదాం, కొలత సరిపోతుంది కదా. పశ్చిమం తరఫున కూర్చున్న హోం మంత్రి షాయిబ్లె ఒప్పుకోలేదు. ఆయన దృష్టిలో ఇది రెండు దేశాలు కలిసి మూడో దేశం కావడం కాదు, ఉన్న దేశంలోకి తూర్పు ప్రాంతాలు వచ్చి చేరడం. అలాంటప్పుడు పాట ఎందుకు మారాలి? చట్టపరంగా ఆయన మాటే నెగ్గింది. కానీ తూర్పువాళ్లు తమతో తెచ్చుకున్నదాంట్లో ఒక్క పాదం ఉంచినా, మేమూ లెక్కలో ఉన్నాం అని వాళ్లకు అనిపించేదేమో.

అక్టోబర్ 2 సాయంత్రం, రాజ్యం ఉనికికి ఇంకా కొన్ని గంటలే ఉండగా, బెర్లిన్ షావ్‌స్పీల్‌హౌస్‌లో వీడ్కోలు సభ జరిగింది. లైప్‌జిగ్ ఆర్కెస్ట్రా సంచాలకుడు కుర్ట్ మజూర్ నిర్వహించింది బేటోఫెన్ తొమ్మిదో సింఫనీ. ఒకప్పుడు ఒలింపిక్స్‌లో ఇద్దరూ పంచుకున్న ఆనందగీతం అందులోదే. అర్ధరాత్రి పార్లమెంటు భవనం ముందు జెండా పైకి లేచినప్పుడు జనం అందుకున్నది హైడన్ బాణీలోని మూడో చరణం. 1991 ఆగస్టులో అధ్యక్షుడు, ఛాన్సలర్ మళ్లీ ఉత్తరాలు రాసుకుని ఆ ఒక్క చరణమే ఏకీకృత జర్మనీ జాతీయగీతమని ఖాయం చేశారు.

ఐస్లర్ బాణీ మాత్రం మరోసారి అధికారికంగా మోగింది, పొరపాటున. 1995లో జర్మనీ అధ్యక్షుడు రోమన్ హెర్‌ట్సోగ్ బ్రెజిల్ వెళ్లాడు. స్వాగత కార్యక్రమంలో అక్కడి బ్యాండ్ ఏ స్వరాల కాగితాలు తీసిందో గానీ, ఐదేళ్ల క్రితమే లేకుండా పోయిన దేశపు గీతం మొదలుపెట్టింది. వాయించింది బ్యాండ్ కాబట్టి అప్పుడూ మాటలు లేవు.